నడినెత్తిన పడ్డ అడవి బల్లి

మా పక్కింటి పిన్నిగారు పోయిన శుక్రవారం కాలం చేశారు. వాళ్ళమ్మాయి గోడ దగ్గరికి వచ్చి, "అమ్మ నిద్రలోనే వెళ్ళిపోయింది అక్కా" అంది. ఎనభై దాటిన మనిషి. చల్లపల్లిలో మా వీధివాళ్ళందరూ ఆ రోజు ఏడ్చారు. మధ్యలో ఒకసారి నవ్వారు కూడా. ఎందుకు నవ్వారో చెబితేగాని ఆవిడ ఎలాంటివారో మీకు తెలియదు.

ఆవిడ నాకు చుట్టం కాదు. నేను కాపురానికి వచ్చిన కొత్తలో పూజకి పూలు కోసుకోమని గోడ మీంచి పిలిచారు. అంతే, పిన్నిగారైపోయారు. శకునాలంటే మహా పట్టింపు. పిల్లి ఎదురొస్తే ఇంట్లోకి వచ్చి మంచినీళ్ళు తాగి మళ్ళీ బయల్దేరేవారు. ఒకసారి అలా తాగీ తాగీ బందరు బస్సు పోగొట్టుకున్నారు.

చాలా ఏళ్ళ కిందట పెరట్లో చిక్కుడు పందిరికి వెదుళ్ళు తెప్పించారు. కొండల దగ్గరి అడవి నుంచి వ్యానులో వచ్చాయి. వాళ్ళ మరిదిగారు ఒక గడ ఎత్తి కడుతున్నారు, పిన్నిగారు కింద పట్టుకున్నారు, నేను తాడు అందిస్తున్నాను. గడ బోలులోంచి జానెడు పొడుగు జీవి ఒకటి జారి, సరిగ్గా పిన్నిగారి నడినెత్తిన పడి, అక్కణ్ణుంచి నేలమీదికి దూకింది.

గోధుమరంగులో నున్నగా మెరుస్తోంది. చూడగానే పాముపిల్లే. వంగి చూస్తే నాలుగు కాళ్ళు. కాళ్ళంటే నూకగింజలంత. దేవుడు పెడదామనుకుని మధ్యలో వేరే పని మీద వెళ్ళిపోయినట్టున్నాయి.

"కాళ్ళున్నాయండీ, బల్లేమో" అన్నాను మెల్లగా.

పిన్నిగారి ముఖం పాలిపోయింది. బల్లి నడినెత్తిన పడితే మరణమని పంచాంగంలో ఉంటుంది. ఆవిడకి ఆ పేజీ కంఠతా వచ్చు.

"నీకు కనపడితే కనపడ్డాయి, పైకి అనకు" అని నా చెయ్యి గిల్లారు. తరవాత గట్టిగా, "పామే. ఆ రూపంలో సుబ్బారాయుడు పలకరించాడు" అని దణ్ణం పెట్టారు.

పాము అనగానే మరిదిగారు కర్ర అందుకున్నారు. దివిసీమలో వరిచేలల్లో కాటు తిన్నవాళ్ళని మోసిన మనిషి. ఆయన దణ్ణాలు గుడి వరకే. "తప్పుకో వదినా, పిల్లయినా విషం విషమే" అన్నారు.

అది పారిపోదామని చూస్తోంది. ఊడ్చిన నేల మీద పట్టు దొరక్క పొట్టతో మెలికలు తిరుగుతోంది. పిన్నిగారు దాన్ని చూశారు, కర్రని చూశారు. పామంటే అది చస్తుంది. బల్లంటే తను చస్తారు. ఆవిడ నమ్మకంలో మూడో దారి లేదు.

"ఆగు. బల్లి అది. కాళ్ళు చూడు."

"బల్లయితే నీ నెత్తిన పడింది కదా వదినా?"

"పడింది. నా నెత్తి. నీకెందుకు?"

మరిదిగారు కర్ర దించారు. పిన్నిగారు దాన్ని ఆకులతో సహా ముంతలోకి ఎక్కించి, వ్యాను డ్రైవరుకి కాఫీ ఇచ్చి, వెదుళ్ళ తోపులోనే దింపమనీ, బస్టాండులో వదిలెయ్యొద్దనీ మరీ మరీ చెప్పారు. అది బల్లుల్లోనే ఒక జాతనీ, తరతరాలుగా ఆకుల కింద పాకడం వల్ల కాళ్ళు అలా చిక్కిపోయాయనీ కాలేజీలో చదివే వాళ్ళ మనవరాలు తరవాత చెప్పింది.

ఆ సాయంత్రం పిన్నిగారు తలస్నానం చేసి, కంచిలో బంగారు బల్లిని ముట్టుకొచ్చినవాళ్ళు వీధిలో ఎవరున్నారో వాకబు చేసి, వెళ్ళి వాళ్ళ చేతులు పట్టుకున్నారు. అయినా నమ్మకం కుదరలేదు. గాజులు కూతురికిచ్చేశారు. ఆవకాయ జాడీ నాకిచ్చారు. రోజూ దేవుడికి దీపం పెట్టి సిద్ధంగా కూర్చునేవారు. భయం ఉండేది, కాని ఆ బల్లిని ఒక్క మాటా అనలేదు. "కాళ్ళు అరకొర కదమ్మా, దోషం కూడా అరకొరే అయ్యుంటుంది" అనేవారు.

ఎండాకాలం మామిడికాయలు దిగాక గోడ మీంచి పిలిచారు. "అమ్మాయ్, ఆ జాడీ ఇలా ఇవ్వు. ఈ ఏడు కూడా ఉండేట్టున్నాను."

ఆ తరవాత ఆవిడ ఎన్ని జాడీల ఆవకాయ పెట్టారో. మొన్న మరిదిగారు, ఆయనా కర్ర ఊతం మీదే నడుస్తున్నారిప్పుడు, వదినగారి పాదాల దగ్గర కూర్చుని కళ్ళు తుడుచుకుని, "శాస్త్రం తప్పలేదు. ఆ కాళ్ళతో రావాలి కదా, ఆలస్యమైంది" అన్నారు. అప్పుడే అందరం నవ్వింది.

నాకు మాత్రం మధ్యాహ్నాల పిన్నిగారే కళ్ళలో మెదులుతున్నారు. సరిగ్గా ఆ గడ కిందే పీట వేసుకుని చిక్కుళ్ళకి ఈనెలు తీసేవారు. పైనుంచి ఊదాపువ్వు ఏదైనా రాలి తెల్లటి నెత్తిన పడితే, చెయ్యి పైకి పోనిచ్చి తడిమి, దించి చూసుకుని, పువ్వేనని తేల్చుకుని, దాన్ని ఒళ్ళో పెట్టుకుని మళ్ళీ ఈనెలు తీసేవారు. పీట మాత్రం జరుపుకునేవారు కాదు.