గంజి వంచిన పులావు

మా అత్తకు తెల్లటి వంట మీద నమ్మకం లేదు. ఎర్రగా లేనిదీ, పులుపు తగలనిదీ, తింటే ముక్కు కారనిదీ ఆమె లెక్కలో కూరే కాదు. గొర్లు కాసే ఇంట పుట్టి, గొర్లు కాసే ఇంటికే కోడలై వచ్చిన మనిషి కనుక మాంసం సంగతి తనకు ఎవరూ చెప్పనక్కర లేదని ఆమె ధీమా. అటువంటి ఇంట్లో నేను చిటికెడు మిరపపొడి కూడా వేయకుండా కోడి పులావు వండుతానని ప్రకటించాను. నాకప్పుడు ఇరవై రెండేళ్ళు. బుద్ధి అంతకన్నా తక్కువ.

దీనికంతటికీ కారణం పక్కింటి ఆపా. ఉర్దూలో ఆపా అంటే అక్క. ఆమె భువనగిరిలోనే, మా గోడకు అవతలి ఇంట్లోనే పుట్టి పెరిగింది. పెళ్ళి చేసుకుని కరాచీ పోయింది. అరవైల మొదట్లో, పన్నెండేళ్ళ తర్వాత, ఆ ఇంట్లోనే ఉంటున్న తన సొంత అక్కను చూడడానికి నెలరోజుల అనుమతి కాగితంతో వచ్చింది. వచ్చిన మర్నాడే ఠాణాకు పోయి, తాను పుట్టిన ఊళ్ళో తాను ఉన్నట్టు పేరు రాయించుకోవలసి వచ్చింది. అక్కడి జవాను “గీ ఊర్ల నీకు ఎవరన్న తెలుసా?” అని అడిగాడట. “నువ్వే తెలుసు. చిన్నప్పుడు మా జామచెట్టెక్కి కింద పడ్డవు గద” అని చెప్పి వచ్చిందట.

నాకు ఆమె తెగ నచ్చింది. గోడకు అటు ఆమె, ఇటు నేను నిలబడి నెలంతా మాట్లాడుకున్నాం. కరాచీలో తన అత్తగారింట చేసే పులావు గురించి చెప్పింది. కోడిని సోంపు, ధనియాలు, అల్లం, వెల్లుల్లి, ఉల్లిగడ్డ వేసి ఉడికించాలి. ఆ నీళ్ళను యఖ్ని అంటారు. వాసనా రుచీ అంతా ఆ నీళ్ళలోనే ఉంటుంది కాబట్టి బియ్యం అందులోనే ఉడకాలి, అవి దాన్ని మొత్తం తాగేయాలి. చెబుతుంటేనే నాకు నోరూరింది.

ఆమె తిరిగి పోవడానికి ఇంక ఒక్కరోజు ఉంది. మర్నాడు పొద్దున బస్సు. మళ్ళీ ఎప్పుడు రానిస్తారో, అసలు రానిస్తారో లేదో ఆమెకే తెలియదు. నా చేత్తో ఒక పూట అన్నం పెట్టి పంపాలని నా పట్టుదల. అందులో సగం ప్రేమ, సగం డాబు.

కోడిని ముల్లాసాబు చేత కోయించాను. మా వాడలో అందరి కోళ్ళనూ ఆయనే కోసేవాడు కనుక అందులో విశేషమేమీ లేదు. యఖ్ని మరుగుతుంటే అత్త వచ్చి గంజులోకి తొంగి చూసింది.

“ఏందే ఇది? బాలెంతకు గూడ గింతకన్న జర కారం పెడుతరు.”

నెయ్యిలో ఉల్లిగడ్డ ఎర్రగా వేగి, దాని మీద యఖ్ని పడేసరికి వాడంతా వాసన కొట్టింది. మా ఆయన ఏ పనీ లేకుండా మూడుసార్లు వంటింట్లోకి వచ్చిపోయాడు. బియ్యం పోసి, ఒక ఉడుకు రాగానే ఆపాను పిలవడానికి బయలుదేరాను. గోడ మీదినుంచి కేకేస్తే సరిపోయేది. కానీ కొత్త పోచంపల్లి చీర కట్టుకుని ఉన్నాను, అది నలుగురికీ కనబడాలి కదా!

చుట్టూ తిరిగి, కనబడవలసిన వాళ్ళందరికీ కనబడి, ఆపాను వెంటబెట్టుకుని వచ్చేసరికి మా అత్త గంజు మూతికి సిబ్బి అదిమిపట్టి, ఒక పక్కకు వంచి పట్టుకుని ఉంది. నా యఖ్ని ఆఖరి చుక్క దాకా పెద్ద గిన్నెలోకి కారిపోయింది.

“పొంగి పొయ్యిల పడుతాంది. నువ్వేమో తిరగపోతివి. గంజి వంచిన” అంది, నాకేదో సాయం చేసినట్టు.

ఆమెను తప్పు పట్టడానికీ లేదు. మా దగ్గర అన్నమంటే గంజి వంచిందే. నలభై ఏళ్ళుగా రోజూ ఆ పని చేసిన చేతులు. ఆ గంజి సాయంత్రం బర్రెకు పోస్తాం.

చుట్టం గడపలో ఉంది. చేసేదేమీ లేక వడ్డించాను. అన్నం తెల్లగా, పొడిపొడిగా, కోడి మొహమే ఎరగనట్టు ఉంది. ఆపా ఒక ముద్ద నమిలి నా వైపు చూసింది.

“యఖ్ని ఏది చెల్లె?”

నేను గిన్నె వైపు వేలు చూపించి భోరుమన్నాను. కొత్తదని కూడా చూడకుండా చీరకొంగుతోనే ముక్కు తుడుచుకున్నాను.

“ఏడుస్తవేందే?” అంది అత్త. “గంజి వంచకుంటే అది అన్నమెట్లయితది?”

ఆపా గిన్నెను చూసింది, అత్తను చూసింది. నవ్వడం మొదలుపెట్టింది. కళ్ళలో నీళ్ళు వచ్చేదాకా నవ్వింది. ఆ నీళ్ళు ఎంతకీ ఆగకపోయేసరికి నా ఏడుపు ఆగిపోయింది.

“పెద్దమ్మా, కరాచీల కొత్త కోడలిగ నేను గూడ గిదే చేసిన” అంది. “ఇంటి నిండ చుట్టాలు. అలవాటు కొద్ది గంజి వంచి మోరిల పారబోసిన. ఒక్కరు నవ్వలే. ఏడాది దాక మా అత్త నన్ను పేరు పెట్టి పిలువలే, గంజిదానా అని పిలిచింది. గా దినం నా పక్కన కూసున్నోళ్ళు లేరు.”

ఈ సంగతి ఆమె పన్నెండేళ్ళలో సొంత అక్కకు కూడా రాయలేదట. ఇంతసేపూ నా పులావు పోయిందని ఏడ్చినందుకు సిగ్గేసింది.

మా అత్తకు సిగ్గులాంటివేమీ లేవు. గిన్నె తెచ్చి, యఖ్నిని ఆపా కంచంలో అన్నం మునిగేదాకా పోసింది. ఉప్పు వేసింది. తన చేత్తోనే కలిపింది.

“నీ అత్తకు వంట రాదు బిడ్డా” అంది. “భువనగిరిల పెద్దమ్మ చెప్పిందని చెప్పు.”

ఆపా పెద్ద ముద్ద చేసుకుని తింది.

“చెప్త పెద్దమ్మా” అంది. “పోంగనే చెప్త.”