మేడం గారి టేకు చేప, నా కత్తిపీట

సముద్రంలో లేచిన తుఫానులు మీరు చాలా విని ఉంటారు. గిలకలదిండిలో మా పెరట్లో, కొత్త కోడలిగా ఉన్న రోజుల్లో నేను ఒంటిచేత్తో లేపిన తుఫాను గురించి ఎవరూ చెప్పి ఉండరు. వినండి.

చేపల మీద చదువు చదివే మేడం ఒకావిడ గుడివాడ నుంచి మా రేవుకు వచ్చేవారు. ఆవిడ వెతికేది ఒక టేకు చేప, చాటలా పరుచుకుని పొడుగాటి తోకుండేది. మామూలుది కాదు, గద్దలా రెక్కలు, బాతులా ముక్కు ఉన్న రకం. అదేం తిని బతుకుతుందో ఎవరూ సరిగ్గా రాయలేదట. ఆరు నెలలు తిరిగినా ఒక్కటీ దొరకలేదు. చివరికి మా ఆయన వలలో పడింది. ఆయన దాన్ని ఇంట్లో దింపి, మేడం గారికి ఫోను కలిపి నా చేతికిచ్చి, మళ్ళీ రేవుకు వెళ్ళిపోయాడు.

"అక్కా, రెండు గంటల్లో వస్తాను. పాడవకుండా చూడండి. నా చదువంతా దాని మీదే ఉంది!"

"నింపాదిగా రండి మేడం గారూ. చేప సంగతి నాకు చెప్పాలా?"

చేప పాడవకూడదంటే మా ఇళ్ళలో ముందు చేసేదేమిటి? పేగులు తీసెయ్యడం. శివుడాజ్ఞ లేనిదే చీమైనా కుట్టదంటారు గానీ, నా కత్తిపీటకు ఎవరి ఆజ్ఞా అక్కర్లేదు. తోలు ఒలిచాను, ముక్కలు కోశాను, ఉప్పూ పసుపూ పట్టించి పెళ్ళికూతురిలా పళ్ళెంలో పేర్చాను.

మేడం గారు రొప్పుతూ వచ్చారు. "చేపేది అక్కా?"

"ఇదిగోండి. కాస్త నీచు వాసనొచ్చినా నన్నడగండి!"

ఆవిడ మొహం వెలిసిపోయిన కలంకారీ గుడ్డలా అయింది. "మరి పొట్టలో ఉన్నది?"

"ఛీ, అదెందుకండీ? కోళ్ళకేశాను."

ఆవిడ కోళ్ళ వంక తదేకంగా చూసి, "ఇవి అమ్ముతారా?" అన్నారు.

"కోడికూర తింటారా మేడం గారూ?" అన్నాను సంబరంగా.

ఆవిడ గడప మీద కూలబడి బావురుమన్నారు. "ఆరు నెలలక్కా! అదేం తింటుందో చూడాలనే కదా తిరిగింది!"

అప్పుడు వెలిగింది నా బుర్ర. పాడవకుండా చూడమన్నది ఐసులో పెట్టమని, కోసెయ్యమని కాదు! లోపల్నించి మా అత్త కేకేసింది: "ఆ పిల్లనెందుకే ఏడిపిస్తన్నావ్? తలకాయ పులుసు ఉడికింది, కూర్చోమను!"

"తలకాయా!" మేడం గారు వంటింట్లోకి దూకి గరిటె లాక్కున్నారు. పులుసులోంచి పలకల్లాంటి పళ్ళ వరస తేలింది. సందులో ఇరుక్కుని చిన్న గుల్ల ముక్క!

"దొరికిందక్కా! గుల్లలు నములుతుంది!" అంటూ పులుసు చేతుల్తోనే నన్ను వాటేసుకున్నారు.

ఆ పళ్ళు ఇప్పుడు కాలేజీలో గాజు సీసాలో ఉన్నాయట. మూత తీస్తే పులుసు వాసనకి పిల్లలకి ఆకలేస్తుందట.

ఆ రోజే కత్తిపీట మీద చెయ్యేసి ఒట్టు పెట్టుకున్నాను: చదువులకు పనికొచ్చే చేప మా గడప తొక్కితే, దానికి ఐసు తప్ప ఉప్పురవ్వ కూడా తగలనివ్వను!