పాట తగ్గిన ఆ కాసేపు

వీధిలో అందరికీ ఆయన రేడియో మామయ్య. ముప్పయ్యేళ్ళుగా అదే కొట్టు, అదే బల్ల, అదే విరిగిన కళ్ళజోడు. తీసేసిన పాత సామాను ఏదీ పారేయడు. "ఇంకొన్నాళ్ళకి మనం పడుకోడానికి చోటుండదు" అని అత్తయ్య దెప్పుతూనే ఉంటుంది.

ఆయనకో చాదస్తం. ఏ రేడియో బాగుచేసినా చివర్లో వాల్యూమ్ పూర్తిగా సున్నాకి తిప్పి, స్పీకరుకు చెవి ఆనించి, గుర్రుమనే చప్పుడేమైనా ఉందేమో వింటాడు. పాట ఎవడైనా వింటాడు, పాట లేనప్పుడు వచ్చేదే మెకానిక్కు వినాలని ఆయన వాదన.

యుద్ధం రోజుల్లో సందు చివరి పసుపు మేడను భద్రతా విభాగం తీసుకుంది. అక్కడి నుంచి ఒకే రేడియో మాటిమాటికీ రిపేరుకి వచ్చేది. ప్రతిసారీ ఒకటే జబ్బు. వాల్యూమ్ కంట్రోల్ అరిగిపోయేది, అదీ బాగా పెంచేవైపే. అలాంటివి తొమ్మిది తీసి డబ్బాలో పడేశాడు. ఆ మేడలో అంత చెవిటివాడెవడబ్బా అని నవ్వుకున్నాడు కూడా.

పదోసారి ఆయన్నే రమ్మన్నారు. మిట్టమధ్యాహ్నం. కిటికీలేని గది, ఒక బల్ల, గోడవారగా రేడియో. ఎవరో అప్పుడే కడిగినట్టు నేల తడిగా ఉంది. ఆఫీసరు గుమ్మంలో నిలబడి, "త్వరగా కానివ్వండి పెద్దాయనా" అన్నాడు.

అరిగినది జేబులో వేసుకుని కొత్తది బిగించాడు. పాట మోగింది. అలవాటు కొద్దీ సున్నాకి తిప్పి చెవి ఆనించాడు.

గోడ వెనక ఎవరో లెక్కపెడుతున్నారు. పదిహేడు. పద్దెనిమిది. గొంతులో తడి లేదు. ఇరవై దగ్గర లెక్క ఆగిపోయింది.

"ఎవరైనా ఉన్నారా?" అంది ఆ గొంతు.

ఆఫీసరు రేడియో వైపు చూశాడు. మామయ్య చెయ్యి దానంతటదే తిరిగింది. పాట గదంతా నిండింది.

ఆనాటి నుంచి కొట్లో ఏ రేడియో సున్నాకి తిప్పినా లోపల ఎవరో లెక్కపెడుతున్నట్టే ఉండేది. ఇరవై దగ్గర ఆగేది. అత్తయ్య అడిగితే, "ఏం లేదే" అనేవాడు.

యుద్ధం ముగిసిన నాలుగేళ్ళకి విచారణ మొదలైంది. లాయరమ్మ కొట్టుకొచ్చింది.

"పసుపు మేడలో రేడియో సిబ్బంది సరదాకి పెట్టుకున్నదంటున్నారు, అరుపులు బయటికి వినపడకుండా కాదట. మీరొచ్చి నిజం చెప్పాలి."

"నేను మెకానిక్కుని తల్లీ. నాకెందుకివన్నీ?"

"యుద్ధమొచ్చినా, ఇంకే ఆపదొచ్చినా మనిషిని చిత్రహింస పెట్టకూడదని దేశాలు కలిసి ఒప్పందం చేసుకున్నాయండీ. దీనికి మినహాయింపు లేదు. పైవాళ్ళు చెప్పారు, చేశామంటే కూడా చెల్లదు."

ఆఖరిమాట మామయ్యకు ఎక్కడో గుచ్చుకుంది. అత్తయ్య చెయ్యి పట్టుకుంది. "వద్దండీ, ఆ ఆఫీసరు ఇంకా ఈ ఊళ్ళోనే తిరుగుతున్నాడు." ఆయన డబ్బా తీసుకుని వెళ్ళాడు.

విచారణ హాల్లో ఆయన కంటే ముందు ఒక మాస్టారు మాట్లాడాడు. ఆ మేడలో మూడు నెలలు బందీగా ఉన్న మనిషి.

"స్పృహ తప్పకుండా అంకెలు లెక్కపెట్టేవాణ్ణండీ. ఒకరోజు పాట ఆగింది. నా గొంతు నాకే వినపడింది. ఎవరో విన్నారనుకుని పిలిచాను. అంతలో పాట మళ్ళీ పెరిగింది. వాళ్ళు చేసినవన్నీ ఒక ఎత్తు, అదొక్కటీ ఒక ఎత్తు."

తన వంతు వచ్చాక డబ్బాలోని పదింటినీ బల్లమీద పరిచి, ఎటువైపు అరిగాయో, ఎందుకరుగుతాయో చెప్పాడు. లాయరమ్మ థాంక్స్ చెప్పింది. ఎదురుగా ఆఫీసరు చేతులు కట్టుకుని కూర్చున్నాడు. అక్కడితో దిగిపోవచ్చు, ఎవరూ ఇంకేమీ అడగలేదు.

ఆయన దిగలేదు. మాస్టారి వైపు తిరిగాడు.

"ఆ పాట తగ్గించింది నేనేనండీ. మళ్ళీ పెంచిందీ నేనే. మీరు ఇరవై దాకా లెక్కపెట్టడం విన్నాను."

మాస్టారు తలెత్తి ఆయన్ని చూశాడు.

"ఇరవయ్యేనా?" అన్నాడు మెల్లగా. "పాట పెరిగాక కూడా, మళ్ళీ తగ్గుతుందేమోనని ఆరోజు నేను మూడొందల పన్నెండు దాకా లెక్కపెట్టానండీ."