తాళం వేసిన ఇంట్లో సర్దిన క్యాసెట్లు

కాలేజీలో నేను జువాలజీ చదివాను. కప్పలను కోశాను, బొద్దింకలను కోశాను. లోపల గుండె కనబడింది, పేగులు కనబడ్డాయి, ఆత్మ మాత్రం ఎక్కడా కనబడలేదు. ఎవరైనా వచ్చి గజ్జెల చప్పుడు విన్నాం, తెల్లచీర చూశాం అంటే, ఆ పూట ఏం తిని పడుకున్నారో అడిగి నోరు మూయించే రకం నేను. “దీనికి దయ్యం కనవడితే దయ్యమే వాదన ఓడి వోతది” అని మా ఆయన నలుగురిలో అంటుంటారు. ఆ మాట నేను మెచ్చుకోలుగానే తీసుకుంటాను.

అలాంటి నేను ఇది రాస్తున్నానంటే, నాకు తెలిసిన వాదనలన్నీ దీనిమీద వాడి చూసి, ఒక్కటీ పనిచేయక రాస్తున్నాను.

నాలుగైదేళ్ల కిందటి మాట. మాది ఖానాపూర్. మా ఆయన ఇంటికి పెద్దకొడుకు, బజారులో బట్టల దుకాణం చూసుకుంటారు. మా మరిది రవి దుబాయిలో ఉంటాడు. అతని భార్య సుజాత, అంటే నా యారాలు, పిల్లలతో మా దగ్గరే ఉండేది. మా అత్తమ్మ సరేసరి. మామయ్య పోయి అప్పటికి రెండేళ్లు దాటింది.

మామయ్య గురించి కొంచెం చెప్పాలి. మొదట్లో దుకాణం మా ముందరింట్లోనే, అంటే వీధివైపు గదిలోనే ఉండేది. వెనక గోడ ఈ చివరి నుంచి ఆ చివరి దాకా గోడలోనే కట్టిన అల్మారా. అందులో బట్టల తానులు సర్దడం ఆయనకు పూజ లాంటిది. మూట కట్టి వచ్చే బేలు మీద అంటించిన చిట్టీని ఏనాడూ నమ్మేవారు కాదు. విప్పకుండానే పైనుంచి చేత్తో తడిమి, లోపల వాయిలా పాప్లినా చెప్పేవారు. సర్దడం పూర్తయ్యాక ప్రతి వరుసలో ఒక తానును వెనక్కి తిప్పి పెట్టేవారు. అన్నీ నిండుగా, అందంగా కనబడితే దిష్టి తగులుతుందట. దుకాణం బజారుకు మారాక కూడా ఆ అలవాటు మారలేదు.

ఇక రవి ఆ ఏడు సెలవులో వస్తూ ఒక వీడియో గేమ్ సెట్టు తెచ్చాడు. చూడనివాళ్ల కోసం చెబుతాను. టీవీకి తగిలించే చిన్న పెట్టె అది. దానిమీద క్యాసెట్ గుచ్చితే టీవీలో ఆట వస్తుంది, చేతిలో బటన్లు నొక్కుతూ ఆడాలి. పాటల క్యాసెట్ లాంటిది కాదు, అరచేయంత ప్లాస్టిక్ డబ్బా. అడుగున నోరుపెట్టి ఊదితే గానీ కొన్ని ఆడేవి కావు. సెట్టుతో పాటు అక్కడి దుకాణంవాడు కట్టగట్టి ఇచ్చిన నలభై దాకా క్యాసెట్లు కూడా తెచ్చాడు. పసుపువి, నల్లవి, బూడిద రంగువి.

పిల్లల సంగతి అటుంచండి, మా అత్తమ్మకే పట్టింది ఆ పిచ్చి. ఎగిరే బాతులను కొట్టే ఆట ఒకటి ఉండేది. జపమాల పక్కన పెట్టి బాతులను కొట్టేది ఆవిడ. ఒక్కటి తప్పించుకుపోతే “పో, నీ ఆయుస్సు గట్టిది” అని దీవించి పంపేది.

చిక్కల్లా ఆ క్యాసెట్లు సర్దడంలోనే. అన్నీ ఒక అట్టపెట్టెలో కుప్ప. పైన బొమ్మకూ లోపల ఆటకూ సంబంధం ఉండదు. పులి బొమ్మ ఉన్నదాంట్లో కారు వస్తుంది. వంద ఆటలని రాసి ఉంటుంది, నాలుగు ఆటలే తిరిగి తిరిగి వస్తుంటాయి. కావలసింది దొరికేలోపు పిల్లలు ఒకళ్ల జుట్టు ఒకళ్లు పట్టుకునేవాళ్లు. మూడు క్యాసెట్లకైతే ప్లాస్టిక్ పొర కూడా ఎవరూ విప్పలేదు.

సరిగ్గా ఆ సెలవులోనే వేరుపడాలన్న మాట లేచింది. కారణం అడిగితే ఏం చెప్పను. పప్పులో చింతపండు ఎంత వేయాలన్న దగ్గర మొదలైంది. ఒక ఒరలో రెండు కత్తులు ఇమడవంటారు, మాది మూడు కత్తుల ఇల్లు. సుజాత మాట పడే మనిషి కాదు, నేను మాట మింగే మనిషిని కాను. రవి తిరిగి వెళ్లేలోపు తెగిపోవాలని నిర్ణయం జరిగింది. ముందరింటి మధ్యలోంచి గోడ కడతారు, అల్మారా సగం అటు, సగం ఇటు. ఇటుకల ట్రాక్టరుకు కూడా చెప్పి ఉంచారు. అత్తమ్మ ఎటువైపు ఉంటుందో అడిగే ధైర్యం ఎవరికీ లేదు. ఆవిడ బాతులను కొట్టడం మానేసింది. సుజాత వెళితే ఈ ఇంట్లో నాకు సరిజోడు ఎవరని నాకూ లోపల ఉండేది. కానీ అడగంది ఎందుకు చెబుతాను?

పంపకానికి అత్తమ్మ తమ్ముడు నర్సయ్య మామను పిలిచారు. మా దగ్గర పద్ధతి ఏమిటంటే, పెద్దవాడు పాళ్లు వేయాలి, చిన్నవాడు ముందు ఎంచుకోవాలి. వేసినవాడికి ఎంచుకునే హక్కు లేదు, అందుకని పాళ్లు సమానంగా పడతాయి. గిన్నెలు, మంచాలు, బీరువాలు అన్నీ అలాగే తేలాయి. మిగిలింది వీడియో గేమ్. సెట్టు ఒకరికి, టీవీ ఒకరికి అని మా ఆయన అన్నారు. ఆ తెలివికి నేను ఆయనవైపు ఒక చూపు చూశాను. చివరికి రవి ఇంకో సెట్టు పంపేట్టు, క్యాసెట్లు మాత్రం చెరిసగం పంచేట్టు ఒప్పందమైంది. మగవాళ్లు చేతులు దులుపుకున్నారు. పెద్దకోడల్ని కాబట్టి నేను పాళ్లు వేయాలి, సుజాత ఎంచుకోవాలి.

నేను పైనున్న ఇంగ్లీషు చదివి, బొమ్మలు చూసి, రకం రకంగా విడదీసి, మంచం మీద రెండు కుప్పలు పోశాను. సుజాత నడుం మీద చేయి వేసుకుని నిలబడింది.

“గా బొమ్మలు జూసి పాళ్లేస్తే నేను నమ్మాల్నా అక్కా? మొన్న ఇమానం బొమ్మ దాంట్ల కుక్క ఎళ్లింది.”

“బొమ్మ గాకుంటే ఏం జూసి ఎయ్యాలె? ఒక్కొక్కదాని కడుపు గోసి సూడాల్నా?” అన్నాను.

“సదువుకున్నోళ్లకే ఎరుక. మంచియి ఏ కుప్పల వడ్డయో గది గూడ మీకే ఎరుక.”

“ఎరుకైతే ఎంచుకునేది నేనా, నువ్వా?”

నర్సయ్య మామ తల పట్టుకున్నాడు. “ఇత్తడి గంగాళం పంచినప్పుడు గూడ గింత పంచాయితి గాలే. జర ఊకోండ్రి, మీకు దండం వెడ్త.”

అప్పటిదాకా మూలన కూర్చున్న అత్తమ్మ మా ఆయనను చూస్తూ నోరు విప్పింది. “పొయ్యిలు పంచుకుంటరు, గిన్నెలు పంచుకుంటరు, మంచిదే. మీ బాపు మొక్కిన కోడె మొక్కు ఎవల పాలు? సగం కోడెను వాడు గట్టి, సగం నువ్వు గడ్తవా?”

వేములవాడలో కోడెను గుడి చుట్టూ తిప్పి కట్టేస్తామని మామయ్య మొక్కుకున్నారు, తీర్చకుండానే పోయారు. మొక్కుకు పాళ్లు ఉండవు. ఒక్క పొయ్యి మీద ఉండగానే తీర్చాలి. ముందు మొక్కు, వచ్చాక పంపకం అని తేలింది.

మర్నాడు పొద్దున్నే జీపు మాట్లాడుకుని అందరం బయలుదేరాం. నర్సయ్య మామతో సహా అందరం, ఒక్కరు కూడా ఇంట్లో మిగల్లేదు. రెండు కుప్పల మీద దుప్పటి కప్పింది నేను. తాళం వేసింది నేను. తాళంచెవి నా బొడ్లో దోపుకున్నాను, ఆ తాళానికి రెండోది లేదు. పెరటి తలుపుకు లోపలి గడియ.

కోడెను కట్టాం, దర్శనం చేసుకున్నాం, ఆనవాయితీ ప్రకారం అక్కడ ఒక నిద్ర చేశాం. తిరుగుదారిలో సుజాత, నేను పక్కపక్కన కూర్చుని కూడా మాట్లాడుకోలేదు. జీపు గుంటలో పడ్డప్పుడల్లా మాత్రం ఒకరి మీద ఒకరం పడ్డాం.

మధ్యాహ్నం ఎండ ఉండగానే ఇల్లు చేరాం. తాళం వేసినట్టే ఉంది. తీసి అడుగుపెడితే మంచం ఖాళీ. దుప్పటి దుకాణంలో మడిచినట్టు మడిచి కాళ్లవైపు పెట్టి ఉంది. క్యాసెట్లన్నీ అన్నాళ్లూ ఖాళీగా ఉన్న మామయ్య అల్మారాలో ఉన్నాయి. ఈ చివరి నుంచి ఆ చివరి దాకా, అంచులు కలిపి, తానులు సర్దినట్టు వరుసలుగా. ప్రతి వరుసలో ఒక క్యాసెట్ వెనక్కి తిరిగి ఉంది.



“దొంగలు వడ్డరా?” అన్నాడు రవి.

“క్యాసెట్లు సర్దివెట్టి పోయే దొంగలా? గసొంటోడు ఒక్కడన్న మన దుకాణంల పనికి రాలే” అన్నారు మా ఆయన.

నేను ముందు పెరటి తలుపు చూశాను. గడియ పడే ఉంది. కిటికీ చువ్వలు చూశాను. బీరువా తెరిచి చూశాను, అత్తమ్మ పుస్తెలతాడుతో సహా అన్నీ ఉన్నాయి. తిరిగి వచ్చేసరికి అత్తమ్మ అల్మారా ముందు నిలబడి, వెనక్కి తిరిగిన క్యాసెట్లను ఒక్కొక్కటే చూస్తూ నవ్వుతోంది. “దిష్టికి తిప్పిండు” అంది, ఏదో కూరలో ఉప్పు సరిపోయిందన్నంత మామూలుగా. అని, చాయ్ పెట్టడానికి లోపలికి వెళ్లింది.

నాకు ఒళ్లు మండింది. ఇదెవరో మనిషి చేసిన పనే, రుజువు చేస్తానన్నాను. ఏ వరుసలో ఏ ఆటలున్నాయో అసలు లెక్కంటూ ఉందా అని చూడటానికి మొదటి వరుస తీసి ఒక్కొక్కటే టీవీకి పెట్టించాను. మొదటిది మోటారు సైకిళ్ల ఆట. రెండోదీ అదే. దానిమీద సింహం బొమ్మ ఉంది, లోపల మాత్రం మోటారు సైకిళ్లు. వరుసంతా మోటారు సైకిళ్లే. రెండో వరుసంతా ట్యాంకులు. మూడోది బాతులు, చేపలు, ఇలా కొట్టే ఆటలన్నీ. మిగతా వరుసలూ అలాగే, ఏ రకానికి ఆ రకం. పైన బొమ్మలు చూసి నేను విడదీసినది ఒక్కటీ నిలవలేదు.

సుజాత నా చెవి దగ్గరికి వచ్చి, “అక్కా, పొర ఇప్పనియి సూడు” అంది.

ఆ మూడూ మూడు వరుసల్లో ఉన్నాయి. విమానం బొమ్మది మోటారు సైకిళ్లలో, బంతి బొమ్మది బాతులలో, బొమ్మే లేక మనకు రాని లిపి మాత్రం ఉన్నది ట్యాంకులలో. పొరలు చెక్కుచెదరలేదు, వెలుతురులో పెట్టి మరీ చూశాను. “ఒక్కటి తప్పు ఎళ్లినా గిది మనిషి పనే” అని అందరికీ చెప్పి విమానం బొమ్మదాన్ని చింపాను. గుచ్చాను. ఆడలేదు. ఊదాను. మోటారు సైకిల్ వచ్చింది.

పిల్లలు పెట్టిన కేకకు వీధిలోవాళ్లు వచ్చారు. రెండోది చింపితే బాతులు. అత్తమ్మ చాయ్ గ్లాసులు కింద పెట్టి, “జరుగుండ్రి, గిది నాది” అని బటన్ల పెట్టె లాక్కుంది. మూడోదాంట్లో ట్యాంకులు వస్తుంటే నర్సయ్య మామ పంచె ఎగగట్టి ముందుకొచ్చి కూర్చున్నాడు. పంపకానికి పెద్దమనిషిగా వచ్చినాయన మా ఆయనతో కలిసి కోట కాపలా కాస్తూ, “నువ్వు ఎడమకు వోరా, నేను ఉన్న” అని అరుస్తున్నాడు. ఆ సాయంత్రం మా ఇంట్లో అందరం ఆడాం. సుజాత, నేను మోటారు సైకిళ్ల పందెం వేసుకున్నాం. ఆమె నన్ను గుద్ది గెలిచింది, నేను ఒప్పుకోలేదు, మళ్లీ ఆడాం.

మర్నాడు ఇటుకల ట్రాక్టరు వాడు వచ్చి ఎక్కడ దింపాలని అడిగాడు. నర్సయ్య మామకు పంపకం గుర్తొచ్చింది. “సుజాతా, నీ పాలేందో ఎంచుకోవే, నేను బస్సు వట్టాలె” అన్నాడు.

సుజాత అల్మారా ముందుకు వెళ్లి నిలబడింది. “గీ అల్మార నా పాలు. ఎట్లున్నదో అట్ల. ఒక్క క్యాసెట్ గూడ కదిలియ్యొద్దు.”

“గోడ నడిమిట్లకెళ్లి వస్తది గదనే?”

“నాకేమెరుక. పాళ్లు ఏసినోళ్లను అడుగుండ్రి.”

అందరూ నావైపు తిరిగారు. నేను వేసిన కుప్పలు లేవు, ఉన్నది ఈ ఒక్క పాలే, ఎంచుకునే హక్కు ఆమెది. అల్మారాను పెకిలించి పక్కింటికి మోయలేం, మధ్యలో గోడ కట్టలేం. “పద్ధతి పద్ధతే. చిన్నదే ఎంచుకోవాలె, ఎంచుకున్నది. ఇటుకలు వాపస్ తీస్కవోరా” అన్నాను. ట్రాక్టరు వాడు తిట్టుకుంటూ పోయాడు. రవి పొయ్యి దగ్గర చేరి నిన్నటి చాయ్ మిగిలిందా అని అడుగుతున్నాడు, కళ్లలో నీళ్లు, పొగకని చెప్పాడు. పొయ్యి అప్పటికి ఇంకా వెలిగించలేదు.

మేం ఇప్పటికీ ఒక్క ఇంట్లోనే ఉన్నాం. రోజూ పోట్లాడుకుంటాం.

ఇక వాదన. ఎలుకలు అనడానికి లేదు, పిల్లి అనడానికి లేదు. ఇంటివాళ్లందరూ నా కళ్లముందే జీపులో ఉన్నారు. రవిని దుబాయి నుంచి ఫోను చేసినప్పుడల్లా అడిగి విసిగించాను. దుకాణంవాడు కట్టిచ్చిన మూట కట్టినట్టే తెచ్చానని పిల్లల మీద ఒట్టేశాడు. పోనీ మామయ్యే అందామంటే, ఆయన బతికుండగా ఇలాంటి పెట్టె ఒకటి ఉంటుందని కూడా ఎరగరు. చనిపోయిన మనిషి తాళం తీయకుండా లోపలికి వచ్చాడని నేను రాయను, నా చదువు ఒప్పుకోదు.

అయితే ఆ మూడు పొరలూ నా చేత్తో నేనే చింపాను. వాటి లోపల ఏముందో అంతకుముందు మా ఇంట్లో ఊపిరి తీసుకునే ఏ ఒక్కరికీ తెలియదు. నేను చెప్పగలిగింది ఇంతవరకే.