తొమ్మిది వరసల కట్టె

అమీర్‌పేట దర్జీలు ప్యాంటు జేబులు లోతుగా కుట్టడం మానేశారు. చెయ్యి పెడితే వేళ్ళు మాత్రమే దూరతాయి. అరచెయ్యి బయటే నిలబడి ఎవరికోసమో ఎదురుచూస్తూ ఉంటుంది. అడిగితే ఫ్యాషన్ అంటారు. ఫౌజులో మాకిచ్చిన ఖాకీ నిక్కర్లకు మోచేతి దాకా దిగే జేబులుండేవి. ఆ ఫౌజు మొత్తంలో లోతైనవి నాకు తెలిసి అవి మాత్రమే.

యుద్ధంలో నేను పంజాగుట్టలో పనిచేశాను. ఈ మాట చెప్పగానే ఎదుటివాళ్ళు ముందు నవ్వుతారు, తరువాత మళ్ళీ చెప్పమంటారు. నాతో చదివినవాళ్ళు ఎడారులకు పోయారు, అడవులకు పోయారు, ఒకడు ఓడలో ఎక్కడికో పోయి రానేలేదు. నేను పూనాలో కవాతు నేర్చుకుని, హవల్దార్ క్లర్కునై, ఫౌజు ఇచ్చే రైలు ప్రయాణపు చీటీ, వారంటు, చేతికొచ్చాక విప్పి చూస్తే పంజాగుట్ట అని ఉంది. మా ఇల్లు అమీర్‌పేట. నడిస్తే అరగంట. నన్ను యుద్ధానికి సాగనంపుతూ మా అమ్మ ఏడ్చిన ఏడుపులో చాలా భాగం వృథా అయింది.

వానాకాలం మొదలు. పొద్దున ఆరింటికి ట్రక్కు దిగాను. ఒక నవాబు ఖాళీ చేసిచ్చిన తోట బంగళా. చుట్టూ ఎర్రమట్టి, బండలు, సీతాఫలం పొదలు. పడమట బంజారా గుట్టలు. అక్కడ అప్పటికి నలుగురైదుగురు గొప్పవాళ్ళ మేడలు తప్ప మిగతాదంతా రాయి. తోటలో పన్నెండు డేరాలు, వాటిలో కారనివి ఎనిమిది. రైఫిళ్ళు ఆరు. తూటాలు వెనక వస్తాయన్నారు. రాలేదు.

బర్మా చేజారిపోయాక, కొండలు దాటుకుని మన వైపు దిగిన చైనా సిపాయిలలో జబ్బుపడినవాళ్ళను కొందరిని కోలుకోవడానికి అక్కడ పెట్టారు. శిబిరానికి పెద్ద ఒక ఇంగ్లీషు మేజర్. నన్ను చూడగానే అడిగాడు.

"చైనా భాష వచ్చా?"

"రాదు సార్."

"బి.ఏ. కదా?"

"చరిత్రలో, సార్."

"చాలు. దుబాసీవి నువ్వే."

బేగంపేట విమానాల మైదానం నుంచి మాకొక ఫీల్డు టెలిఫోను లాగారు. అది మోగితే ఎత్తడం కూడా నా పనే.

"హలో, చైనాయేనా?"

"పంజాగుట్ట, సార్."

"చైనాను పిలవండి."

"భోజనానికి పోయింది, సార్."

శిబిరంలో చైనా తరఫు అధికారి ఒక కెప్టెన్. సన్నటి మనిషి. వానలో కూడా ఆయన చొక్కా ఇస్త్రీ చెక్కుచెదిరేది కాదు. మంచి ఇంగ్లీషు, పెద్ద చదువు. డేరాలో తన దేశపు పటం ఒకటి తగిలించుకున్నాడు. తూర్పు నుంచి పడమర దాకా ఒకటే రంగు. మొదటి వారంలోనే నన్ను దాని ముందు నిలబెట్టి పాఠం చెప్పాడు.

"చైనాలో జాతి ఒక్కటే. కొండల్లో ఉండేవాళ్ళు, ఎడారిలో ఉండేవాళ్ళు అందరూ దాని శాఖలే. చదువు లేక తమకు తాము వేరే వేరే పేర్లు పెట్టుకున్నారు. మా ప్రభుత్వం ఆ పేర్లను గుర్తించదు."

"ఈ సంగతి ఆ శాఖలకు తెలుసా, సార్?"

"తెలియజేస్తున్నాం."

నాకు నవ్వు రాలేదని చెప్పను. కానీ నవ్వే హోదా నాకూ లేదు. పూనాలో నన్ను మద్రాసీ అన్నారు. మద్రాసు కుర్రాళ్ళు నిజాంవాడన్నారు. నిజాం సర్కారు కొలువుకు పోయి అడిగితే ముల్కీవని రుజువు తెమ్మన్నారు, అంటే ఈ దేశంలోనే పుట్టానని. పుట్టినట్టు నాకు గుర్తులేదు. అందుకని ఫౌజులో చేరాను.

మా వంటవాడు కూడా ఆ సిపాయిలలో ఒకడు. చైనాలోని యునాన్ సీమ నుంచి బర్మాకు కంచరగాడిదలు తోలినవాడు. అక్కడి బజార్లలో తిరిగి హిందుస్తానీ పట్టుకున్నాడు. ముసల్మాను. వాళ్ళను హుయీలంటారట. ఒకనాడు గోధుమపిండి పిసుకుతూ నాతో అన్నాడు.

"సాబ్, మా తాత నమాజ్ చేశాడు, వాళ్ళ తాతా చేశాడు. ఇప్పుడు కెప్టెన్ సాబ్ ఏమంటాడో తెలుసా? హుయీ అనేవాడే లేడంట. నేను పంది తినని చైనావాణ్ణంట."

కెప్టెన్ లెక్కలో మా వంటవాడు ఒక జాతి కాదు, ఒక పథ్యం.

ఇక మూడో డేరాలో ఒకడుండేవాడు. పొడుగ్గా, ఎముకలు పెద్దవిగా, ముక్కు సూటిగా. చల్లని కొండలని వాళ్ళ సీమ పేరు. మిగతా సిపాయిలు అతన్ని 'లోలో' అని పిలిచేవాళ్ళు. అది తిట్టు అని వంటవాడు చెప్పాడు. తాను నోసు జాతివాణ్ణని చెప్పుకునేవాడు. నుదుటిమీద ముడి వేసుకునే జుట్టు ఉండేదట. ఫౌజు కత్తిరించింది. అతని దగ్గర మిగిలింది భుజాల మీంచి కప్పుకునే ఒక నల్లటి ఉన్ని గుడ్డ, కప్పడం. గొర్రెల మందతో పాటు పెరిగానని, దాన్ని వాళ్ళమ్మ చేసిందని చెప్పాడు. మంచం మీద పడుకునేవాడు కాదు. అది చుట్టుకుని నేలమీద ఒరిగేవాడు. ఊపిరితిత్తులు పాడయ్యాయి. డాక్టరు వారానికోసారి వచ్చి, విని, తల ఊపి వెళ్ళేవాడు.

కెప్టెన్ డేరాలు చూడటానికి వచ్చిన ఒక పొద్దున అతను లేచి కూర్చున్నాడు. తనకొచ్చిన కాస్త చైనీసులో చెప్పాడు. వంటవాడు హిందుస్తానీ చేసి నాకు చెప్పాడు. నేను ఇంగ్లీషులో కెప్టెన్‌కు చెప్పాను. కెప్టెన్‌కు ఆ చైనీసు నేరుగానే వినబడింది, పక్కనే నిలబడి ఉన్నాడు. అయినా ఇంగ్లీషు వచ్చేదాకా డేరా బయటికి చూస్తూ నిలబడ్డాడు.

సిపాయి అడిగింది ఇది. "నేనిక బతకను. నన్ను కాల్చండి. గుట్టమీద కాల్చండి. మగవాడికి తొమ్మిది వరసల కట్టె పేరుస్తాం. మట్టిలో పెడితే మా పెద్దల దగ్గరికి దారి దొరకదు."

"చైనావాళ్ళను పూడ్చిపెడతారు. ఇతను చైనావాడు," అన్నాడు కెప్టెన్.

సిపాయి వంటవాణ్ణి ఇంకేదో అడిగాడు. వంటవాడు నాకు చెప్పాడు. నేను చెప్పాను. "మీరెప్పుడైనా వాళ్ళ కొండకు వెళ్ళారా అని అడుగుతున్నాడు, సార్."

కెప్టెన్ నాలుగో డేరాకు నడిచాడు.

తరువాతి వారం, పొద్దున హాజరు పిలుపుకు అతను లేవలేదు. వాన పడుతోంది. కెప్టెన్ తోట వెనక గొయ్యి తీయించమన్నాడు. నేను మేజర్ దగ్గరికి పోయాను. చనిపోయినవాడి కోరిక చెప్పాను. మేజర్ పైపు నింపుకున్నాడు.

"నిబంధన ప్రకారం దహనం హిందువులకే. ఇతను హిందువా?"

"ఇతనేమిటో చెప్పడానికి వీల్లేదంటున్నారు, సార్. అలాంటప్పుడు హిందువైతే మాత్రం ఏం?"

ఇది తెలివైన మాటే అనుకున్నాను. మేజర్ కెప్టెన్‌ను పిలిపించాడు. కెప్టెన్ ససేమిరా అంటాడనుకున్నాను. ఆయన ఎంతో న్యాయంగా అన్నాడు. "మతం వ్యక్తిగతం. మా ప్రభుత్వం అడ్డుచెప్పదు. ఇంకో జాతి ఉందని మాత్రం ఎవరూ అనకూడదు."

అంటే పుట్టినప్పటి నుంచి ఉన్న నోసుగా ఉండరాదు. చచ్చాక హిందువుగా మారవచ్చు.

"ఊళ్ళో హిందూ పెద్దమనిషి ఎవరైనా వచ్చి మావాడేనని చెప్పాలి. మూడింటి లోపల," అన్నాడు మేజర్.

మా మేనమామకు అమీర్‌పేటలో బట్టల దుకాణం. పద్మశాలీలకు కులపెద్ద. నాలుగు రోజులు పంచాయితీ లేకపోతే ఆయనకు ఒళ్ళు బాగుండేది కాదు. నేను శిబిరం ట్రక్కులో పోయేసరికి తానులు సర్దిస్తున్నాడు. సంగతంతా చెప్పాను.

"ఇంటిపేరేంది?"

"తెల్వదు మామా."

"గోత్రం?"

"చైనా."

"గది గోత్రమారా? బి.ఏ. సదివినవు, ఏం సదివినవురా?"

"మామా, జర వచ్చి హిందువే అని ఒక్క మాట చెప్పు. కాలవెట్టనిస్తరు. ఆయన గదొక్కటే అడిగిండు."

"సూడకుండ ఎట్ల జెప్తరా? నా మాటకు ఇజ్జత్ ఉన్నది," అని రుమాలు చుట్టి ట్రక్కెక్కాడు. ఎక్కేటప్పుడు వీధంతా చూసేలా కాస్త ఆలస్యం చేశాడు.

మూడో డేరాలో మేజర్, కెప్టెన్, వంటవాడు, నేను. నేలమీద అతను. పైన ఆ నల్ల కప్పడం. మామ వంగాడు. అంచు పట్టుకుని రెండు వేళ్ళ మధ్య నలిపాడు. వాసన చూశాడు. మొహం వెలిగిపోయింది.

"గొంగడి! అల్లుడా, గీయన కురుమాయన గదరా! గొర్లు గాసేటోల్లు. గీ ఉన్ని సూడు. చైనా అంటవేంది?"

మన వైపు గొర్రెలు కాసే కురుమలు కప్పుకునే గొంగడిని అది నిజంగానే పోలి ఉంది. నేను కెప్టెన్‌కు ఇంగ్లీషులో చెప్పాను.

"ఈ పెద్దమనిషి ఇతన్ని కురుమ అంటున్నారు, సార్."

"అలాంటి జాతి చైనాలో లేదు."

అది మామకు చెప్పాను. ఆయన కెప్టెన్‌ను కింద నుంచి పై దాకా చూశాడు. "గొర్లున్నయా మీ దేశంల? ఉన్నయ్. మరి గాసేటోడెవడు, నువ్వా?"

దీన్ని నేను అనువదించలేదు. మేజర్ మాత్రం సంతోషపడ్డాడు. ఆయనకు కావలసింది ఒక పేరు, దొరికింది. "కురుమలు హిందువులేనా?" అన్నాడు. అవునన్నాను. సరే అని కలం తీశాడు. పని అయిపోయింది. వంటవాడు అప్పటికే కట్టెల కోసం బయటికి అడుగు వేశాడు.

అప్పుడు మామ, ఎవరూ అడగకుండానే, మేజర్‌కు అర్థం కావాలని హిందుస్తానీలో అన్నాడు. "సాబ్, వీళ్ళను కాల్చరు. దఫన్ చేస్తారు."

ఇరవై ఏళ్ళ కొలువులో మేజర్‌కు పూర్తిగా అర్థమైన మొదటి హిందుస్తానీ మాట అదే అయ్యుండాలి.

"మామా! కాలవెట్టాలెననే గదా నిన్ను తోల్కొచ్చింది!"

"కులాచారం తప్పియ్యమంటవా? సచ్చినోని ఆత్మ ఏమనుకుంటది?"

కురుమలందరూ పూడుస్తారో లేదో నాకు తెలీదు. కాల్చేవాళ్ళూ ఉన్నారని తరువాత విన్నాను. ఆ రోజు ఏ కురుమనూ ఎవరూ అడగలేదు, ఏ నోసునూ అడగనట్టే. కెప్టెన్ మొదటిసారి నవ్వాడు. మామతో చెయ్యి కలిపాడు. "స్థానికుల ఆచారమూ మా ఆచారమూ ఒకటే," అన్నాడు. చైనాకూ అమీర్‌పేటకూ మధ్య అంత ఏకాభిప్రాయం మళ్ళీ ఎన్నడూ కుదిరి ఉండదు.

సిపాయిని యూనిఫారంలోనే పూడ్చాలి గనక కప్పడం తీసేయమన్నారు. కొత్త చొక్కా తొడిగారు. దాని చేతులు అతనికి పొట్టివయ్యాయి. గోతిలో చీలమండ దాకా నీళ్ళు. కెప్టెన్ జెండా కప్పించి, ఒకే జాతి బిడ్డ నిద్రిస్తున్నాడని మాట్లాడాడు. ఆరు రైఫిళ్ళు పైకెత్తి గౌరవ వందనం చేశాం. తూటాలు లేవు గనక ట్రిగ్గర్లు టిక్కుమన్నాయి. మామ ఆఖరిదాకా ఉన్నాడు. పిడికెడు మన్ను వేశాడు. ఆ మాట ఒప్పుకోవాలి.

సాయంత్రం వాన తెరిపి ఇచ్చింది. వంటవాడు కప్పడం చంకన పెట్టుకుని నా డేరాకొచ్చాడు.

"సాబ్, మనిషిని ఇవ్వలేదు. దీన్ని ఎవరూ అడగలేదు."

వంటింటి పొడి కట్టెలు మోసుకుని బంజారా గుట్టల వైపు పోయాం. ఒక చదును బండ చూసుకున్నాం. వంటవాడు అడ్డంగా ఒక వరస, నిలువుగా ఒక వరస పేర్చాడు. తొమ్మిది వరసలకు కట్టెలు చాలలేదు. పై మూడు వరసలు సీతాఫలం పుల్లలతో పూర్తి చేశాం. దానిమీద కప్పడాన్ని, మనిషి పక్కకు తిరిగి పడుకున్నట్టు మడిచి పెట్టాడు. కిరసనాయిలు చల్లి అంటించాం.

కట్టె మండింది. ఉన్ని మండలేదు. తడిసి ఉంది. నల్లగా ముడుచుకుంటూ, మనిషి మోకాళ్ళు దగ్గరికి లాక్కున్నట్టు లాక్కుంటూ, కాలిన వెంట్రుకల కంపు కొట్టింది. పొగ పైకి లేవలేదు. బండ అంచు దాకా పాకి, కాస్త ఆగి, ఎటు పోవాలో తెలియనట్టు ఇటొకసారి అటొకసారి మసలి, గుట్ట దిగి పంజాగుట్ట వైపే వెనక్కి వచ్చింది. ఎన్నో మరిచిపోయాను. నా బెటాలియన్ నంబరు మరిచిపోయాను. ఆ పొగ మాత్రం ఇప్పటికీ కళ్ళముందే తచ్చాడుతుంది.

చలికాలంలో శిబిరం ఎత్తేశారు. కెప్టెన్ పటం చుట్టుకుని రైలెక్కాడు. వంటవాడు నాకు సలాం చేసి అదే రైల్లో, వేరే డబ్బాలో పోయాడు. నన్ను ఫౌజు నుంచి విడుదల చేశారు. కిట్‌బ్యాగు భుజాన వేసుకుని యుద్ధం నుంచి ఇంటికి నడిచాను. అరగంట.

ఆ రాత్రి భోజనానికి మామ కూడా వచ్చాడు. అమీర్‌పేటంతా అప్పటికే చెప్పుకున్న కథ మళ్ళీ చెప్పాడు. చైనాలో సుత కురుమోల్లున్నరు, నేనే గుర్తువట్టిన, దొర సుత ఒప్పుకున్నడు. అమ్మ నావైపు చూసింది. మిగిలింది నేను చెప్పాను. తొమ్మిది వరసల సంగతి, గోతిలో నీళ్ళు, బండమీద ఉన్ని. ఆమె గంటె పట్టుకుని అంతా విన్నది. మా ఇద్దరి కంచాల్లోనూ అన్నం వడ్డించి, నిలబడే అన్నది.

"ఒక్కటే అడిగిండు గదరా ఆ మనిషి. ఇంతమంది పెద్దమనుషులుండి, గదొక్కటి శాతగాలేదా మీకు?"