వంకర కుట్టు కేసు

గెలిచే కేసును నోటితో పాడుచేసుకున్న మనిషిని ఎప్పుడైనా చూశారా? చూడకపోతే ఇదిగో, మీ ఎదురుగానే కూర్చుని టీ తాగుతున్నాడు.

బస్టాండు వెనక సందులో నా టైలరు షాపు మీకు తెలిసిందే కదా. కిందటేడు కృష్ణదేవిపేట నుంచి వస్తుంటే షేర్ ఆటో బోల్తా కొట్టింది. డ్రైవరు పక్కన, సగం సీటు మీద, సగం గాల్లో కూర్చున్నది నేనే. కుడికాలు చీలమండ దగ్గర విరిగింది. లోపల రాడ్డు వేశారు. అప్పట్నుంచి కాసేపు మిషను తొక్కితే చాలు, కాలు బూరెలా పొంగుతోంది. పోనీ ఎడంకాలితో తొక్కుదామంటే చక్రం వెనక్కి తిరిగి దారం తెగిపోతోంది!

మా లాయరు మూర్తిగారు ఇన్సూరెన్సు కంపెనీ మీద నష్టపరిహారం కేసు వేశారు. "మిషను తొక్కలేను అన్న ఒక్క మాట మీదే ఉండు సూరిబాబూ. మిగతాది నేను చూసుకుంటాను," అన్నారు. ఆ డబ్బొస్తే మిషనుకి కరెంటు మోటారు పెట్టించాలని నేనూ, మా ఆవిడ రత్నమూ ఆశపడ్డాం. మోటారుంటే కాలితో పనే ఉండదు. షాపు నిలబడుతుంది.

ఒకరోజు ఒకాయన ఏదో అడ్రసు అడుగుతూ షాపులోకి వచ్చాడు. ఆయన చొక్కా జేబు ఓ పక్క ఊడిపోయి వేలాడుతోంది. పైగా అందులో కళ్లజోడు! ఆయన ఏ వీధి అడిగాడో నేను వినలేదు. జేబునే చూస్తున్నాను.

"ఏటండీ బాబూ ఆ జేబు! చొక్కా ఇప్పండి, బేగి కుట్టేస్తాను."

"ఎందుకులెండి, మీ కాలు బాగోలేదట కదా?"

నా కాలు సంగతి ఈయనకెలా తెలుసని అప్పుడైనా అనుమానం రావాలి. రాలేదు.

"ఒక్క జేబుకి కాలికేటవుద్దండీ!" అన్నాను.

కుట్టాను. డబ్బులిస్తే వద్దన్నాను. పైగా టీ తెప్పించాను.

కిందటి నెల కోర్టుకెళితే అదే మనిషి అదే చొక్కాతో కంపెనీ లాయరు పక్కన కూర్చుని ఉన్నాడు. నన్ను చూసి నమస్కారం కూడా పెట్టాడు.

"మిషను తొక్కలేనన్నారు. మరి మా ఉద్యోగి జేబు ఎవరు కుట్టారు?" అన్నాడు కంపెనీ లాయరు.

మా మూర్తిగారు తాపీగా లేచి, ఆ జేబును దగ్గర్నుంచి చూసి, జడ్జిగారి వైపు తిరిగారు.

"అయ్యా, తమరే చూడండి. ఎంత వంకరగా ఉందో! ఇన్నేళ్ల అనుభవం ఉన్న టైలరు కుట్టాల్సిన కుట్టేనా ఇది? కాలు ఎంత పాడైందో చెప్పడానికి ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి?"

జడ్జిగారు కళ్లజోడు సర్దుకుని చూశారు. "నిజమే, బాగా వంకరగా ఉంది," అన్నారు. వెనక బెంచీల్లో ఎవరో కిసుక్కున నవ్వారు.

కేసు మా చేతికొచ్చేసింది. నేను చెయ్యాల్సిందల్లా నోరు మూసుకోవడం. కానీ ఆ నవ్వు విన్నాక ఒళ్లు మండిపోయింది.

"అది కుట్టు వంకర కాదండీ! గుడ్డ నాసిరకం. ఉతగ్గానే ముడుసుకుపోనాది. నా కుట్టు తిన్నగానే ఉంది. నా కాలు బాగానే తొక్కింది!"

మూర్తిగారు మెల్లగా కూర్చుని నుదురు పట్టుకున్నారు. జడ్జిగారు ఏదో రాసుకున్నారు.

ఆసుపత్రి ఖర్చులు మాత్రం ఇప్పించారు. పని పోయినందుకు పైసా లేదు. మోటారూ లేదు.

అయితే షాపుకి పేరొచ్చింది. కోర్టు గుమాస్తాలు పేంటు గుడ్డలు తెస్తున్నారు. మూర్తిగారు నల్లకోటు తెచ్చి, మొహం అటు తిప్పుకుని బల్ల మీద పెట్టి వెళ్లారు. ఆ జేబు ఆయనైతే ఈసారి మంచి గుడ్డే తెచ్చాడు.

నిన్న సాయంత్రానికి కాలు మళ్లీ పొంగింది. "రత్నం, ఇంక తొక్కలేనే," అన్నాను.

మా ఆవిడ కనీసం తలెత్తలేదు.

"బాగానే తొక్కుతాదని జడ్జిగారి ముందు సెప్పినావు కదా. తొక్కు."