పెళ్లిరోజు రాసిన రీడింగు

నీళ్ల పంపుహౌసులో ముప్పై నాలుగేళ్లు పనిచేసిన ఆపరేటరుని అందరూ మీటరాయన అనేవారు. ఆయన తుమ్మితే పంపు ఆగేదనీ, ఆయనకి జ్వరమొస్తే ఊరి కుళాయిల్లో వేడినీళ్లు వచ్చేవనీ చెప్పుకుంటారు. మొదటిది కాస్త పెంచి చెప్పిందే. రెండోదానికి మాత్రం సాక్షులున్నారు.

గంటగంటకీ ప్రెజర్ మీటరు చూసి, ఆ అంకె పుస్తకంలో ఎక్కించి, పక్కన పొట్టి సంతకం గీకడం ఆయన పని. తన బదులు వచ్చినవాడు ముల్లు వైపు చూడకుండా కుర్చీలోంచే అంకెలు వేస్తాడని ఆయన అనుమానం. అనుమానమేమిటి, నిజమే. అందుకే ఆయన సెలవు పెట్టేవాడు కాదు. వాడని సెలవులు గాదెలో గింజల్లా పోగుపడ్డాయి.

రిటైరయ్యాక వాటికి రావలసిన డబ్బు అడిగితే, సెలవుల రిజిస్టరు చెదలు తినేశాయనీ, వాడుకోలేదని రుజువేమిటనీ ఆఫీసువాళ్లు చేతులు దులుపుకున్నారు. ఆయనతో రిటైరైన మరో పదిమందికీ అదే జవాబు. అందరూ కలిసి కోర్టుకెక్కారు. అయిదేళ్లు తిరిగితే కొందరికి చెప్పులరిగాయి, కొందరికి మోకాళ్లే అరిగాయి.

దారి కనిపెట్టింది మీటరాయనే. మనుషుల రిజిస్టరు పోతే పోయింది, యంత్రం పుస్తకాలు అటకమీద భద్రంగా ఉన్నాయిగా! ప్రతి రీడింగు పక్కనా ఎవరో ఒకరి సంతకం. ఎవరు ఏ రోజు పనిలో ఉన్నారో అద్దంలో కనపడినట్టు కనపడుతుంది. కోర్టు వాటిని తెప్పించింది. పదకొండు ఇళ్లలోనూ ఆశ చిగురించింది.

అప్పుడు ఆఫీసు లాయరు ఒక పుస్తకం, ఒక శుభలేఖ పక్కపక్కన పెట్టాడు. కూతురి పెళ్లికి మీటరాయన పెట్టిన సెలవు చీటీకి జతచేసిన శుభలేఖ అది. రిజిస్టరు తిన్న చెదలకి అది రుచించలేదు కాబోలు.

"పెళ్లి పదింటికి. పదకొండింటి రీడింగు పక్కన మీ సంతకం ఉంది. పెళ్లి అబద్ధమా, పుస్తకం అబద్ధమా?"

మీటరాయన వెనక్కి చూశాడు. పదిమంది ముసలి స్నేహితులు. వాళ్ల వెనక బల్లమీద భార్య. సంతకం తర్వాతెప్పుడో గీకానంటే ఇంట్లో గండం గడుస్తుంది, పుస్తకాలన్నీ చిత్తుకాగితాలవుతాయి. నిజం చెబితే పదిమందీ గట్టెక్కుతారు, తను ఇంటికెళ్లి మునుగుతాడు.

"రెండూ నిజమేనండి," అన్నాడు. "ఐసు తెస్తానని చెప్పి సైకిలెక్కాను. ముందురోజే కొత్త వాల్వు బిగించాం, మనసాగలేదు. ముల్లు చూసి, అంకె వేసి వచ్చేశాను. నేనారోజు సెలవులోనే ఉన్నానండి. అది నా లెక్కలోంచి కొట్టేయండి."

వెళ్లాడనడానికి రుజువేమిటని లాయరు అడిగేలోపే భార్య లేచింది.

"నేనున్నానండి. ఐసుకెళ్లిన మనిషి కొత్తచొక్కా మోచేతికి గ్రీజు పూసుకుని వచ్చారు. ఐసు దారిలో కరిగిపోయిందన్నారు. బకెట్టు మాత్రం ఎండకి ఎండిన వడియంలా ఉంది. ఆ మరక ఇంకా వదల్లేదు, చొక్కా తెమ్మంటే తెస్తాను."

సాక్షుల జాబితాలో ఆమె లేదు. అయినా జడ్జిగారు నవ్వు దాచుకుని, తర్వాతి వాయిదాకి చొక్కాతో సహా రమ్మన్నారు. ఆ చొక్కాని ముట్టుకుని చూడటానికి లాయర్లు వరసకట్టారంటారు.

ఇంటికి వెళ్తూ, ఇన్నేళ్లూ ఎందుకడగలేదని ఆయన గొణిగాడు.

"అడిగితే ఇంకో అబద్ధమాడతారు. ఒక్కటి మోయలేకే సగమయ్యారు," అందామె.

పదకొండు మందికీ వడ్డీతో సహా ఇమ్మని తీర్పు వచ్చింది. మీటరాయన లెక్కలో ఒక రోజు తగ్గింది. డబ్బు అందిన రోజు స్నేహితులంతా ఇంటికొచ్చారు. భార్య ఆయన చేతికి బకెట్టిచ్చి ఐసు తెమ్మంది.

ఈసారి నిజంగానే తెచ్చాడు. కాకపోతే సగం కరిగిపోయింది. ఐసు కొట్టు వీధి చివరే, పంపుహౌసు ఊరికి అవతల. ఆమె బకెట్టులోకి చూసి, తర్వాత మోచేతి వైపు చూసి, గ్లాసులు తేవడానికి లోపలికి వెళ్లింది.